దరువు మధ్యలో సరోజ

2007, వినాయక నిమజ్జనం. బందరు.

మంగినపూడి ఒడ్డున ఈ సాయంత్రం నా పాటే మోగింది. రికార్డింగ్ డాన్సుల వాళ్ల కోసం ఎప్పుడో చేసిన దరువు. చిలకలపూడిలో మా పక్కింటి రోల్డ్‌గోల్డ్ వాళ్లు అచ్చు మీద రేకు కొడుతుంటే, ఆ సుత్తి చప్పుడు టేపులో పట్టి, దాని మీద కీబోర్డు వాయించాను.

ట్రాక్టర్ ముందు జనం ఊగిపోతున్నారు. నేను మాత్రం చరణం అయ్యేదాకా ఊపిరి బిగబట్టాను. అక్కడ మా ఆవిడ సరోజ గొంతు రావాలి. రికార్డింగ్ నడుస్తోందని తెలియక ఆ రోజు వంటింట్లోంచి "ఏవండీ, అన్నం చల్లారిపోతోంది" అని కేకేసింది. దరువులో భలే కలిసిందని అలాగే ఉంచేశాను. డాన్సర్లు సరిగ్గా ఆ మాటకే గిర్రున తిరిగేవాళ్లు.

సరోజ పోయింది. మొన్నటి వానలకి ఇంట్లోకి నీళ్లొచ్చి మాస్టర్ క్యాసెట్టూ పోయింది. ఈ పాటలో తప్ప ఆ గొంతు ఇంకెక్కడా లేదు.

చరణం అయింది. దరువు వచ్చింది. మాట రాలేదు.

బాక్సుల దగ్గరికి పరిగెత్తాను. డీజే నన్ను గుర్తుపట్టి కాళ్లకు దణ్ణం పెట్టాడు.

"గురువుగారూ, దివిసీమంతా మీ బీటేనండీ! మధ్యలో ఎవరో ఆవిడ గొంతు అడ్డమొస్తుంటే, నేనే కంప్యూటర్లో క్లీన్ చేశానండీ."

"పాతది ఉంచావా బాబూ?"

"లేదండీ. అందరికీ ఇదే కాపీ చేసిచ్చాను."

బాగా చేశావన్నాను.

రేపు గుడివాడ వెళ్లాలి. అక్కడి పాత డాన్సు ట్రూపుల వాళ్లలో ఎవరింట్లోనైనా ఒక్క క్యాసెట్టు, అరిగిపోయిందైనా సరే...

ఇంటికొచ్చి వడ్డించుకున్న అన్నం చల్లారిపోయింది.