దుబాయోడైండన్న మాట

తమ్ముడు లచ్చన్నను దీవించి అన్న గంగారాం రాయునది. నా ఒళ్లు గట్టిగానే ఉంది. నీ మోకాలి నొప్పి, మరదలి దగ్గు ఎట్లా ఉన్నాయో రాయించు. చిన్నమ్మ అన్నం సరిగ్గా తింటోందా?

ఖతర్‌లో ఎండ ఇంకా తగ్గలేదు. అల్ ఘర్రాఫాలో కొత్తగా కడుతున్న విల్లాల దగ్గర గేటు కాపలా నాదే. పొద్దంతా చొక్కా ఒంటికి అంటుకునే ఉంటుంది. మెస్సులో అన్నం కడుపునిండా పెడతారు గానీ పప్పులో ఉప్పూ ఉండదు, పులుపూ ఉండదు. శుక్రవారం సెలవునాడు నేనే పచ్చిపులుసు చేసుకుంటాను. ఒక్కణ్నే తినాలంటే ముద్ద దిగదు. సరే, అదేం పెద్ద కష్టం కాదు. అసలు కష్టం నీ నోటివల్ల వచ్చింది. ఫోన్‌లో చెబితే సగమే వింటావు. అందుకే రాస్తున్నా, రెండుసార్లు చదివించుకో.

నా పాస్‌పోర్టు గడువు దగ్గరపడితే కొత్తది ఇమ్మని ఇక్కడి మన దేశపు ఎంబసీ ఆఫీసుకు వెళ్లాను. కౌంటరులో కూర్చున్న పిల్ల కంప్యూటరు చూసి, "బాబాయ్, మీరిప్పుడు ఏ దేశం పౌరులు?" అంది.

"నువ్వు ఏ దేశపు పిల్లవో, నేను గా దేశపోన్నే."

"వేరే దేశం పౌరసత్వం తీసుకున్నారని మీ ఊరి నుంచి వచ్చింది. దుబాయ్‌వాడైపోయారని మీ తమ్ముడే చెప్పారట."

"ఇది దుబాయే కాదు గదమ్మా, ఖతర్!"

ఆమె నవ్వింది గానీ పాస్‌పోర్టు ఇవ్వలేదు.

నువ్వు ఫోన్‌లో చెప్పినదాన్ని బట్టి నాకు అర్థమైంది ఇది. ఓటర్ల పేర్లు చూసే అధికారి మన ఊరికొచ్చి, రాజయ్య కొడుకు గంగారాం పరాయి దేశస్తుడయ్యాడట కదా, ఎవరతను అని అడిగాడు. ఆయన అడిగింది మన దాయాది పాలోడు, లండన్‌లో ఉన్న పెద్ద రాజయ్య కొడుకు గంగారాం సంగతి. వాడు నిజంగానే అక్కడి పౌరసత్వం తీసుకున్నాడు. మన నాయన ఊళ్లోవాళ్లకు చిన్న రాజయ్య, కాగితాల్లో ఒట్టి రాజయ్యే. నువ్వేమో ఎదురుపోయి, "మా అన్ననే సార్. దుబాయోడైండు. బతాక గూడ అయింది" అన్నావు. దేశం దాటిన ప్రతివాణ్నీ మనం దుబాయోడే అంటాం. బతాక అంటే ఇక్కడ పనికొచ్చిన ప్రతివాడికీ ఇచ్చే కార్డు. అవి ఆయనకేం తెలుసు? నా ఓటు కొట్టేశాడు. పైగా నేను మన దేశస్తుణ్నా కాదా తేలుస్తానని విచారణ పెట్టాడు.

ఇది విని మా కంపెనీ డ్రైవరు, నిజామాబాద్ ఖాదర్ ఒకటే నవ్వు. "మీ తమ్ముడు మిమ్మల్ని షేకును జేసిండు చాచా!"

"షేకునైతే ఈ గేటు కాడ నాకేం పనిరా?" అన్నాను.

నవ్వుకు నవ్వే. పాస్‌పోర్టు లేకుంటే బతాక మళ్లీ ఇవ్వరు. బతాక లేకుంటే పని లేదు. పోనీ ఇంటికి వద్దామన్నా పాస్‌పోర్టే కావాలి.

ఒక ఏజెంటు వచ్చి, "పౌరసత్వం మళ్ల ఇయ్యమని అర్జీ పెట్టు, జల్దీ అయితది" అన్నాడు. సంతకం పెట్టలేదు. కొట్టంలో ఉన్న ఎద్దు తప్పిపోయిందని ఊరంతా వెతుకుతానా? ఖాదర్ బావ నిజామాబాద్‌లో వకీలు. ఫోన్ చేస్తే ఆయనా అదే అన్నాడు: "ఆ సంతకం పెడితే పౌరసత్వం పోయిందని మీరే ఒప్పుకున్నట్టు. ఓట్లు చూసే అధికారి తెంపే పంచాయితీ కాదిది. మీరు పరాయి పౌరసత్వం తీసుకున్నరా లేదా అన్నది ఢిల్లీ సర్కారే తేల్చాలె." మనకు తెలియనిదా లచ్చన్నా? కులపంచాయితీలో కూర్చుని పొరుగూరి గట్టు తగాదా తెంపుతారా?

విచారణనాడు ఆ వకీలు వెంట నువ్వు వెళ్లు. అధికారం ఎవరిదో ఆయన మాట్లాడతాడు. ఆ గంగారాం వేరు, మా అన్న వేరు అని నువ్వు చెప్పు. పెద్ద రాజయ్య కోడల్ని బతిమాలి వెంట తీసుకుపో, ఆ గంగారాం వాళ్లింటివాడే గనుక ఆమె మాటకు బలం ఉంటుంది.

చిన్నమ్మ కాళ్లకు నా దండాలు. ఆమె దీవెన నాకిప్పుడు బాగా కావాలి. వాడకట్టులో పెద్దలందరినీ అడిగానని చెప్పు. ఎవరైనా ఇటు వస్తుంటే అన్నంలోకి పుంటికూర తొక్కు పంపు. నీ మీద కోపం లేదు, ఉన్నా నీ తప్పు దిద్దుకుంటే పోతుంది.

అక్కడ నా గురించి అడిగితే మళ్లీ దుబాయోడైండు అనకు. ఊరికే "పోయిండు" అని కూడా అనకు, చచ్చాననుకుని రేషన్ కార్డులో పేరు కూడా కొట్టేస్తారు. "పనికి పోయిండు, అస్తడు" అను. అంతకుమించి ఒక్క మాట ఆడకు.

ఇట్లు,
చిన్న రాజయ్య పెద్ద కొడుకు,
నీ అన్న గంగారాం