అరవై తొమ్మిది వాయిదాలు

పర్వత్ పాటియా, సూరత్
17-1-2021, ఆదివారం

చిరంజీవి ఆగయ్యకు,

మీ అన్న రాజమౌళి దీవించి రాస్తున్నది. ఇక్కడ నేను, మీ వదిన బాలవ్వ ఒంట్లో బాగానే ఉన్నాం. సిరిసిల్లలో నువ్వు, మరదలు సంధ్యారాణి, పిల్లలు చల్లగా ఉన్నారని అనుకుంటున్నాను. ఎప్పటిలాగే ఇది మరదలే చదివి వినిపిస్తుందని తెలుసు. కాస్త మెల్లగా చదవమను. ఇందులో లెక్కలున్నాయి, నీకు లెక్కలంటే జ్వరం వస్తుంది.

మొన్న బుధవారం నువ్వు ఫోన్ చేసి, "అన్నా, బ్రోకర్ మన రూము అడుగుతున్నడే. కంపెనీ అప్పు ఆయననే నెత్తి మీద ఏసుకుంటడట, నా చేతుల డెబ్బయి వేలు పెడ్తడట. ఇచ్చేద్దునా? ఇంకెంత బాకున్నదో జర చూసి చెప్పు" అని అడిగావు. నేను హలో హలో అని అరిచి, సిగ్నల్ లేదని పెట్టేశాను. సిగ్నల్ బాగానే ఉంది. చెప్పే ధైర్యమే లేకపోయింది. నెలాఖరుకల్లా అతనికి జవాబు చెప్పాలన్నావు గనక ఉత్తరం రాస్తున్నాను. ఫోన్లో అయితే మధ్యలో "సరే అన్నా, నువ్వెట్లంటే గట్ల" అంటావు. 

ముందు ఒక మాట. రూము ఇవ్వకు. ఎందుకో కింద రాస్తాను. ఉత్తరం సగంలో మరదలికి పని తగిలి లేచిపోయినా ఈ ఒక్క మాట నీ చెవిన పడాలని ముందే రాస్తున్నాను.

కొత్త సంవత్సరం నాలుగో రోజున నీ పేరు మీద మన ఇంటి అప్పు కంపెనీ కవరు వచ్చింది. నీ ఉత్తరాలు తీసుకుని ఉంచమన్నావు గదా, తీసి చూశాను. అప్పు తీరే తేదీ దగ్గర 2044 నవంబరు అని ఉంది. అచ్చు తప్పు అనుకున్నాను. 2038 ఆగస్టులో తీరాల్సిన అప్పు ఆరేళ్ళు ముందుకు ఎలా పోతుంది? కోపం వచ్చింది. నా సంగతి నీకు తెలుసు, కోపం వస్తే ఒకచోట కూర్చోలేను. ఆ కాగితం జేబులో పెట్టుకుని అడాజన్ దాకా వెళ్ళాను.

అక్కడ శ్రీలేఖ మేడం అని ఉన్నారు. ఆమె చీరలకు మీ వదినే ఫాల్స్ కుడుతుంది. వాళ్ళాయన హజీరాలో ఇంజినీరు, ఆమె పిల్లలకు లెక్కలు చెబుతారు. మాస్కు పెట్టుకుని నన్ను వరండాలో అంత దూరాన కూర్చోబెట్టి, కాగితం రెండుసార్లు చదివారు. "తప్పేం లేదండీ రాజమౌళి గారూ. కంపెనీవాళ్ళు సరిగ్గానే వేశారు. మీరే చూసుకోలేదు" అన్నారు. ఇంతమంది ఇళ్ళలో కాగితాలు చదివిపెట్టే నాకు, చూసుకోలేదని ఒక మనిషి మెత్తగా చెబుతుంటే, తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

2018 ఆగస్టులో మనిద్దరం పక్కపక్క రూములు కొన్న రోజు గుర్తుందా? పదకొండు లక్షల రూము. మూడు లక్షలు చేతి నుంచి పెట్టాం, ఎనిమిది లక్షలు కంపెనీ ఇచ్చింది. నూటికి పన్నెండు వడ్డీ, ఇరవై ఏళ్ళు. మనం అడిగింది ఒక్కటే ప్రశ్న. నెలకెంత? ఎనిమిది వేల ఎనిమిది వందల తొమ్మిది అన్నారు. ఉధ్నాలో గదికి నాలుగు వేలు కిరాయి పోస్తున్నాం, బట్ట నేసే సాంచాలు ఇంకో రెండు రోజులు ఎక్కువ నడిపితే సొంత ఇల్లు అనుకున్నాం. పేడా కూడా తిన్నాం. మొత్తం ఎంతవుతుందని నువ్వు అడగలేదు, నేనూ అడగలేదు. మేడం అడిగారు. ఆ తొమ్మిది అంకె దాకా పట్టుకుని రెండు వందల నలభై నెలలతో గుణించారు. ఇరవై ఒక్క లక్షల పద్నాలుగు వేలు! ఎనిమిది లక్షలు తెచ్చుకుని, దాని మీద పదమూడు లక్షలకు పైగా వడ్డీ కడతామని మనం వేలిముద్ర వేసినట్టు సంతకాలు పెట్టి వచ్చాం.

అది కూడా సరే అనుకో. మొదటి నెల నువ్వు కట్టిన దాంట్లో ఎనిమిది వేలు వడ్డీకే పోయింది. ఇంటికి పడింది ఎనిమిది వందల తొమ్మిది రూపాయలు. ఇలా పద్దెనిమిది నెలలు కట్టాం. లక్షా యాభై ఎనిమిది వేలు. అందులో అసలు తగ్గింది పదిహేను వేల ఎనిమిది వందల చిల్లర. మిగతాదంతా వాళ్ళ వడ్డీ. మొదటి ఏళ్ళలో ఎప్పుడూ ఇంతేనట, చివరి ఏళ్ళలోనే అసలు గబగబా తగ్గుతుందట. నేను మేడంతో వాదన పెట్టుకున్నాను. ఆమె ఓపికగా ఇంకో కాగితం తీసుకున్నారు.

ఇక్కడ ఆపి కిందికి వెళ్ళి పాలు తెచ్చాను. పాలు ఇంట్లో ఉన్నాయట. మీ వదిన నన్ను ఎగాదిగా చూసింది. మళ్ళీ కూర్చున్నాను.

ఇక అసలు దెబ్బ. నిరుడు మార్చి ఆఖరులో లాక్‌డౌన్ పడి కార్ఖానాలన్నీ మూతపడినప్పుడు కంపెనీ నుంచి మెసేజ్ వచ్చింది. మూడు నెలలు వాయిదా కట్టక్కర్లేదు, కావాలంటే యస్ అని పంపండి అని. నువ్వు ఫోన్ నా చేతికిచ్చావు. నేను యస్ కొట్టాను. నాకు ఒక్క క్షణం కూడా అనుమానం రాలేదు. ఎందుకో తెలుసా? మనం పుట్టిన దగ్గర నుంచి సాంచాల మధ్య బతికాం. కరెంటు పోతే సాంచా ఆగుతుంది, సాంచా ఆగితే బట్ట లెక్కేసే మీటరు ఆగుతుంది, మీటరు ఆగితే సేఠ్ పైసా ఇవ్వడు. ఆగిందంటే అందరికీ ఆగినట్టే. కంపెనీ ఆపుతానంటే వాళ్ళ వడ్డీ మీటరు కూడా ఆగుతుందనే అనుకున్నాను. మే ఆఖరులో ఇంకో మూడు నెలలకు మెసేజ్ వస్తే, అప్పటికి ఊరు చేరిన నువ్వు సిరిసిల్ల నుంచి ఫోన్ చేశావు. అప్పుడూ యస్ కొట్టమన్నాను.

వాళ్ళ మీటరు ఆగలేదు తమ్ముడూ. ఆరు నెలల వడ్డీ నలభై ఎనిమిది వేల చిల్లర తీసుకెళ్ళి అసలులో కలిపారు. అప్పు ఎనిమిది లక్షల ముప్పై రెండు వేలయింది. రెండేళ్ళ కింద తెచ్చుకున్నదానికన్నా ఎక్కువ. ఇప్పుడు నెల వాయిదాలో ఎనిమిది వేల మూడు వందలకు పైగా వడ్డీకే పోతోంది, ఇంటికి ఐదు వందలు కూడా పడటం లేదు. అందుకే ఇంత సాగింది. ఆగస్టు దాటాక రెండు వందల ఇరవై రెండు వాయిదాలు ఉండాల్సింది, రెండు వందల తొంభై ఒకటి అయ్యాయి. ఆరు ఆపినందుకు అరవై తొమ్మిది పెరిగాయి. ఆరు లక్షల పైమాట! నవంబరులో సర్కారు తరఫున నీ అప్పులో పదకొండు వందల తొంభై జమ అయితే వడ్డీ మొత్తం మాఫీ అయిందని నేనే నీకు ఫోన్ చేసి చెప్పాను. అది వడ్డీ మీద పడ్డ వడ్డీ మాత్రమేనట. నీ కాగితమే మేడానికి చూపించాను, మనిద్దరి గతీ ఒకటే గనక.

ఇంటికొచ్చాక రెండు రోజులు అన్నం సయించలేదు. సాంచాల దగ్గర నిలబడితే దారం తెగడం కూడా కనిపించలేదు, నాలుగు మీటర్ల బట్ట పాడు చేశాను. అప్పు తీరేనాటికి నీకు అరవై అయిదేళ్ళు వస్తాయి. అరవై అయిదేళ్ళవాడికి ఎవడు సాంచాలు ఇస్తాడు? ఇదే ఆలోచన. నడుస్తున్నా ఇదే, కూర్చున్నా ఇదే.

మళ్ళీ మేడం దగ్గరికి వెళ్ళి దారేమిటని అడిగాను. ఉంది. ఆ పెరిగిన ముక్కను ఇప్పుడే ఒకేసారి అసలులో కట్టేస్తే అరవై తొమ్మిదీ పోతాయి. ఈ నెలకు అది నలభై తొమ్మిది వేల అయిదు వందలు. ఆలస్యమైతే నెలనెలా పెరుగుతుంది. ఇప్పుడు కడితే నీ అప్పు 2039 ఫిబ్రవరికల్లా తీరుతుంది. ఆ పైన కూడా ఎప్పుడైనా ఒక పది వేలు అదనంగా అసలులో వేస్తే చివర తొమ్మిది వాయిదాలు తగ్గుతాయట. అంటే మొదట్లో కట్టే రూపాయికే బలం. ఈ సంగతి మనకు సంతకం రోజున ఎవరూ చెప్పలేదు, మనమూ పేడా తినే తొందరలో ఉన్నాం.

చిట్టీ పాడాను. నష్టానికే పాడాను, ముప్పై వేలు చేతికొచ్చాయి. శుక్రవారం కంపెనీ ఆఫీసుకు వెళ్ళి నీ అప్పులో కట్టాను. కౌంటర్లో కుర్రాడు, "కాకా, ఆగే కే హప్తే మే డాల్ దూఁ?" అన్నాడు. అలా వేస్తే ముందు నెలల వాయిదాలు కట్టినట్టవుతుంది, అసలు తగ్గదు. మేడం ముందే చెప్పి పంపారు. "నహీఁ భాయ్, ముద్దల్ మే డాలో" అని మూడుసార్లు చెప్పి, రసీదు మీద అసలులో జమ అని రాయించుకునేదాకా కౌంటరు వదల్లేదు. వెనక లైన్లో వాళ్ళు గొణుక్కున్నారు. గొణుక్కోనీ. రసీదు ఇందులో పెట్టాను, జాగ్రత్త చేయి. మిగిలిన పంతొమ్మిదిన్నర వేలకు సేఠ్ దగ్గర ఉపాడ్ అడిగాను, కూలీలో నెలనెలా కోసుకుంటాడు. ఫిబ్రవరి అయిదులోపు అదీ కడతాను. నాది తర్వాత చూసుకుంటాను, నీ ఇల్లు ముందు.

కాబట్టి బ్రోకర్‌కు లేదని చెప్పు. మూడు లక్షలు, ఇరవై మూడు వాయిదాలు పోసి డెబ్బయి వేలకు వదులుకుంటావా? అక్కడే ఉండాలనిపిస్తే ఉండు, రూము కిరాయికి ఇద్దాం, తాళం నా దగ్గరే ఉంది. తిరిగి వస్తే మన కార్ఖానాలో నాలుగు సాంచాలు ఖాళీగా ఉన్నాయి, సేఠ్ నిన్ను రెండుసార్లు అడిగాడు.

నాకు కృతజ్ఞతలు చెప్పకు. పిల్లలను అడిగానని చెప్పు.

ఇట్లు
మీ అన్న
రాజమౌళి

తా.క. సంతకం పెట్టాక ఉత్తరం మీ వదినకు చదివి వినిపించాను. అంతా విని, "మస్తు రాసినవ్. మరి అసలు ముచ్చట యాడున్నది?" అంది. కవరు అంటించనివ్వడం లేదు. గంట నుంచి ఈ నాలుగు గోడల మధ్య తిరుగుతున్నాను.

మరదలా, ఇది మనసులో చదువుకుని ఊరుకోకు. పైకి చదువు, వాడు వినాలి.

మార్చిలో యస్ కొట్టినప్పుడు మీటరు ఆగుతుందనుకున్నది నిజం. మేలో చెప్పింది మాత్రం తెలిసి చెప్పింది. నిరుడు జనవరి, ఫిబ్రవరి వాయిదాలు నేను కట్టలేదు. పాత సేఠ్‌తో గొడవ పడి నెలన్నర ఖాళీగా తిరిగాను, పరువుకు పోయి నీకు కూడా చెప్పలేదు. పాత బాకీ ఉందని కంపెనీ నాకు వాయిదాలు ఆపే సౌకర్యం ఇవ్వలేదు. ఏప్రిల్‌లో ఫోన్ చేసి బతిమాలితే అటువైపు మనిషి, "ఇస్ మే క్యా ఫాయిదా కాకా, బ్యాజ్ తో చాలూ రహేగా" అన్నాడు. అంటే వడ్డీ నడుస్తుందని నాకు అప్పుడే తెలుసు. ఇంత అవుతుందని తెలియదు, అంతే.

మేలో నువ్వు ఫోన్ చేసి, "అన్నా, మూడు నెల్ల పైసల్ నా దగ్గరున్నయే. కడ్తే అయిపోదా?" అన్నావు. నేను, "పాగల్ గానివా? ఎవడన్న ఆపుతా అంటే కడ్తరా?" అని నవ్వాను. ఆ డబ్బు నాకు కావాలి గనక నవ్వాను. వారం తిరక్కుండా ఇంట్లో కష్టంగా ఉందని నిన్నే అడిగాను. ఎందుకని ఒక్క మాట అడక్కుండా ఇరవై ఆరున్నర వేలు పంపావు. దానితో నా మూడు వాయిదాలు కట్టాను. మిగతావి మీ వదిన మాస్కులు కుట్టి కట్టింది. దీపావళికి నీ డబ్బు నీకిచ్చినప్పుడు ఒక్క రూపాయి వడ్డీ తీసుకోలేదు నువ్వు.

ఇది విన్నాక నా ముఖం చూడకపోయినా సరే. పక్క రూములో నేనున్నానన్న కోపంతో ఇల్లు మాత్రం అమ్ముకోకు.

పైన మనిద్దరి గతీ ఒకటేనని రాశాను. కాదు. అప్పు పెరిగింది నీదొక్కడిదే. నాది అనుకున్నట్టే 2038లో తీరిపోతుంది, నువ్వు ఇంటి కోసం దాచుకున్న పైసలతో.