పద్నాలుగు పైకి, తొమ్మిది కుడికి

సెప్టెంబర్ 2, శనివారం

ఇవాళ నాలుగో పిస్టల్. తుపాకీ కాల్చే రేంజ్ కౌంటర్‌లో నడీన్ అద్దెకిచ్చే వాటిలో గురి చూడటానికి తలమీద ఎర్రచుక్క అద్దం ఉన్నవి ఏడున్నాయి. అన్నీ పోల్చి చూశాకే కొత్తది కొంటానని నా పాత నేస్తం డ్వేన్ పట్టుబట్టాడు. వాడు కాలుస్తాడు, నేను నోట్‌బుక్‌లో రాస్తాను. అద్దం వెడల్పు, చుక్క సైజు, చేతిలో పట్టు, ట్రిగ్గర్ బరువు. రిటైరయ్యే దాకా ఇంటింటికీ ఉత్తరాలు పంచినవాణ్ణి, అక్షరం కుదురుగా ఉంటుందని ఆ పని నాకిచ్చాడు.

నాలుగోది కూడా నచ్చలేదు. చుక్క నిలబడటం లేదట. మొదటిదానికీ అదే అన్నాడు, మూడోదానికీ అదే. "అద్దంలో ఈగ దూరినట్టుందిరా" అన్నాడు.

చుక్క దానంతటది ఎక్కడికీ పోదు. చెయ్యి కదిలితే కదులుతుంది. పాత ఇనుప గురి అయితే వణుకు అంతగా కంటికి ఆనేది కాదు. ఈ చుక్క దేన్నీ దాచదు. పక్క లేన్‌లో నించుంటే నాకు వాడి కుడి మణికట్టు కనిపిస్తుంది.

"చుక్క: బాగుంది" అని రాసి, వాడు చూస్తాడేమోనని కొట్టేసి "సుమారు" అని రాశాను.

సెప్టెంబర్ 3

ఎవరితోనూ మాట్లాడలేదు. రోజంతా గాలి.

సెప్టెంబర్ 16, శనివారం

ఏడూ అయిపోయాయి. ఆరోది కొన్నాడు. దాని చుక్క కాస్త పెద్దది, అందుకని వణుకు కాస్త తక్కువ కనిపిస్తుంది. ఈ రెండో మాట నాది, వాడికి చెప్పలేదు.

నేనూ అదే రకం కొన్నాను. నన్ను చూసి వాత పెట్టుకుంటున్నావా అని వెక్కిరించాడు. పోల్చి చూడటానికి ఇంకేం మిగిలిందని అడిగితే, మనిద్దరం మిగిలాం కదా అన్నాడు. ఆ మాటకి నాకెంత సంతోషం వేసిందో ఇక్కడ రాసుకోవచ్చు, ఎవరూ చదవరు.

సెప్టెంబర్ 23, శనివారం

డ్వేన్ ముప్పై ఏళ్ళు షెరీఫ్ దగ్గర డిప్యూటీగా చేశాడు. రిటైరైన పోలీసులు ఏటా ఒకసారి గురి పరీక్ష నెగ్గితే ఒక కార్డు ఇస్తారు. అదుంటే తుపాకీ నడుముకు పెట్టుకుని ఏ రాష్ట్రానికైనా వెళ్ళొచ్చు. ఎక్కడికీ వెళ్ళడు వాడు. కానీ ఆ కార్డు చొక్కా జేబులో లేకపోతే ఇల్లు కదలడు. పరీక్ష అక్టోబర్ 14న.

పాతిక తూటాల్లో ఇరవై అయినా గురి గీత లోపల పడాలి. ఇవాళ పద్నాలుగు పడ్డాయి. మిగతావన్నీ ఎడమ పక్క, కింద. ఎందుకో నాకు తెలుసు. చుక్క ఆడుతూ ఆడుతూ నడిమికి రాగానే, దొరికిందే చాలన్నట్టు ట్రిగ్గర్ గుంజేస్తాడు. కొత్తగా నేర్చుకునే వాళ్ళు చేసే తప్పు. వాడు నాకు నలభై ఏళ్ళ కింద మాన్పించిన తప్పు.

కార్డు పోతే షెరిడన్‌లో కూతురు ట్వైలా దగ్గరికి పోతానన్నాడు. ఆమె రెండేళ్ళుగా రమ్మంటోందట. ఇక ఈ ఊళ్ళో నాకేముందిరా అన్నాడు. నేను తూటాలు నింపుకుంటూ ఉన్నాను.

సెప్టెంబర్ 30, శనివారం

చేశాను.

వాడు బాత్రూమ్‌కి వెళ్ళాడు. పిస్టల్ బల్ల మీద ఖాళీగా, స్లైడ్ తెరిచి ఉంది. ఆ అద్దానికి రెండు చిన్న మరలుంటాయి. ఒకటి తూటా పడే చోటుని పైకీ కిందికీ, రెండోది కుడికీ ఎడమకీ జరుపుతుంది. తిప్పితే వేలికి టిక్కు టిక్కుమని తగులుతుంది. పైకి పద్నాలుగు టిక్కులు, కుడికి తొమ్మిది. నా సంచిలో స్క్రూడ్రైవర్ ఎప్పుడూ ఉంటుంది.

వాడొచ్చి ఐదు కాల్చాడు. నాలుగు నడిమిలో పడ్డాయి. కాగితం దగ్గరికి లాక్కుని చూసి, చూశావురా ముసలోడా, చెయ్యి మళ్ళీ దారికొచ్చింది అన్నాడు. వాడి మొహం చూస్తే ఏడుపొచ్చింది. దుమ్ము పడిందన్నాను.

అక్టోబర్ 1, ఉదయం

రాత్రంతా పెట్టుకున్న లెక్క తేలింది. వాడి కార్డు కోసం చేయలేదు. నా శనివారాల కోసం చేశాను. పెళ్ళి చేసుకోలేదు, తోడబుట్టినవాళ్ళు లేరు. వారం మొత్తంలో నన్ను ఒరే అని పిలిచేది వాడొక్కడే.

అక్టోబర్ 14, శనివారం

ఇరవై రెండు. నెగ్గాడు. పరీక్ష పెట్టినతను వాడి భుజం తట్టాడు. మేమిద్దరం హైవే పక్కన చిన్న హోటల్లో చెర్రీ కేకు తిన్నాం. ఫోర్క్ ఎడం చేత్తో పట్టుకున్నాడు. నేను చూడనట్టే తిన్నాను.

అక్టోబర్ 21, శనివారం

చివరి ఐదు తూటాలు ఒకరి తుపాకీ ఒకరం కాల్చడం మాకు మొదట్నుంచీ అలవాటు. భుజం నొప్పి అని ఇవాళ కూడా తప్పించుకున్నాను. ఇది నాలుగోసారి. ఏంట్రా, నా తుపాకీకి గజ్జి పట్టిందా అన్నాడు.

దాన్ని నడుముకు పెట్టుకునే ఆదివారం చర్చికి వెళ్తున్నాడు. ఖర్మకాలి ఏదైనా జరిగి, వాడు నిజంగా దాన్ని తీయాల్సి వస్తే? ఆలోచించకూడదని రేడియో పెద్దది చేశాను. చెప్పేయాలి. వచ్చే శనివారం చెప్తాను.

అక్టోబర్ 28, శనివారం

చెప్పలేదు. చెప్పాల్సిన పని లేకుండా పోయింది.

నేను కాల్చనంటున్నానని, డ్వేన్ తన పిస్టల్ నడీన్ చేతికిచ్చాడు. ఎంత మంచి తుపాకీ కొన్నానో చూడు అని గొప్పగా ఇచ్చాడు. ఈ ఊళ్ళో ఆమెని మించి కాల్చేవాళ్ళు లేరు. నేను చెవి మఫ్‌లు సర్దుకుంటూ నేల చూశాను.

ఐదూ ఒక నాణెం కింద దాగేంత దగ్గర పడ్డాయి. కానీ నడిమికి పైన, కుడి పక్క. మళ్ళీ ఐదు కాల్చింది. అక్కడే. గురి అద్దం పక్కకి పోయిందండీ, ఎవరైనా కదిపారా అని అడిగింది.

డ్వేన్ ఆ కాగితాన్ని చాలాసేపు చూశాడు. తర్వాత నన్ను చూశాడు. ముప్పై ఏళ్ళు దొంగ మొహాలు చూసినవాడు.

"ఎన్నిరా?"

"పద్నాలుగు పైకి. తొమ్మిది కుడికి."

తల ఊపాడు. తిట్లు తింటానని నించున్నాను. తిట్టలేదు. పిస్టల్ పెట్టెలో పెట్టి, తాళం వేయడానికి మూడుసార్లు ప్రయత్నించాడు. సాయం చేయబోతే చెయ్యి అడ్డం పెట్టాడు. "నేను వణుకుతున్నానని నాతో ఒక్క మాట అనలేకపోయావు లీలండ్" అన్నాడు. ఎప్పుడూ రా అంటాడు. నా పేరు వాడి నోటి నుంచి వినడం ఎప్పుడో మర్చిపోయాను.

నవంబర్ 1

వాడు ఫోన్ ఎత్తలేదు.

నవంబర్ 4, శనివారం

వెళ్ళాను. రెండో లేన్ నాది, మూడోది వాడిది. మూడో లేన్ ఎవరికీ ఇవ్వకుండా నడీన్ గంటసేపు ఆపింది. యాభై కాల్చాను. నోట్‌బుక్ తెరిస్తే పోల్చడానికి ఒక్క వరసే ఉంది.

నవంబర్ 8

బజార్లో తెలిసింది. డ్వేన్ షెరీఫ్ ఆఫీసుకి తనే వెళ్ళి కార్డు బల్ల మీద పెట్టి వచ్చాడట. ఎవరూ అడగలేదు. ఇల్లు అమ్మకానికి బోర్డు పెట్టారు. ఆ వీధిలో పద్దెనిమిదేళ్ళు ఉత్తరాలు వేశాను. ఆ గేటు ముందు కారు ఆపి, దిగకుండా వచ్చేశాను.

నవంబర్ 18, శనివారం

వెళ్ళలేదు. మంచు అని నాకు నేనే చెప్పుకున్నాను. మంచు అంతగా లేదు.

డిసెంబర్ 2, శనివారం, మధ్యాహ్నం

ట్వైలా వచ్చింది. మిగిలిన సామాను తీసుకెళ్ళడానికి షెరిడన్ నుంచి వచ్చి, పోతూ పోతూ ఇటు తిరిగింది. కూర్చోమన్నా కూర్చోలేదు. వాళ్ళ నాన్నకి ఇప్పుడు కాఫీ కప్పు కూడా రెండు చేతులతో పట్టుకోవాల్సి వస్తోందట. డాక్టర్ మందులు మారుస్తున్నాడట. నా గురించి ఏమైనా అన్నాడా అని అడిగాను. లేదంది.

ఒక పెట్టె ఇచ్చింది. డ్వేన్ పిస్టల్.

"మొన్న పొద్దుటంతా వంటింటి బల్ల దగ్గర దీంతోనే కూర్చున్నాడు అంకుల్. ఏం చేశాడో తెలీదు. నన్ను దగ్గరికి రానివ్వలేదు."

పెట్టెలో చీటీ ఉందేమోనని స్పాంజి లేపి కూడా చూశాను. లేదు. మొహం మీద కొట్టినట్టు పంపాడనుకున్నాను. నువ్వు పాడుచేసిన వస్తువు, నువ్వే ఉంచుకో అని. తప్పులేదు.

డిసెంబర్ 9, శనివారం

రెండో లేన్. డ్వేన్ పిస్టల్. ఐదు తూటాలు.

పైన, కుడి పక్కన పడతాయని అక్కడే చూస్తున్నాను. అక్కడ ఒక్కటీ లేదు. ఐదూ నడిమిలో ఉన్నాయి.

పద్నాలుగు కిందికి, తొమ్మిది ఎడమకి. ఆ చేత్తో. నా కోసం.

మూడో లేన్ వైపు తిరిగి చెప్పబోయాను.

ఇది కారులో రాస్తున్నాను. కాగితం పక్క సీట్లో ఉంది. షెరిడన్ నూటయాభై మైళ్ళు.