నవ్వే షాట్

సూర్యాపేట, మంగళవారం

ఇవాళ మిర్యాలగూడ రైస్ మిల్లులో మళ్ళీ చచ్చాను. ఈసారి హీరోకి బాబాయిని. సినిమాల్లో ఇది నా పదకొండో చావు. నాకు ఇంకో పని చేతకాదని తీర్మానించేశారు వెధవలు.

శవం వేషం వేసినవాణ్ణి చివర్లో ఒక్కసారి నవ్వించి, ఆ నవ్వు కెమెరాలో పట్టాకే ఇంటికి పంపాలి. అది ఆనవాయితీ. పంపకపోతే అరిష్టమంటారు. ఇవాళ హీరో కారెక్కగానే డైరెక్టర్ ప్యాకప్ చెప్పేశాడు. మెళ్ళో దండతోనే వెంటపడ్డాను.

"సార్, నా నవ్వు షాట్ తియ్యలే."

"ఏం కాదులేవయ్యా, పో."

పొద్దున్నే కొబ్బరికాయ కొట్టనిదే కెమెరా ముట్టడు వీడు! శకునాలు వాడి సినిమాకే, నా ప్రాణానికి అక్కర్లేదు.

ఇంటికొస్తే మా ఆవిడ గడపలోనే ఆపింది.

"నవ్విచ్చిండ్రా?"

"లే."

"మరి ఇంట్లకెట్లొస్తవ్? గాడనే నిలబడి జర నవ్వు," అని ఫోన్ ఎత్తి పట్టుకుంది.

నవ్వబోతే ఆ డైరెక్టర్ మొహమే కళ్ళ ముందుకొచ్చింది.

"గిది నవ్వు గాదు. మళ్ళ నవ్వు."

శవంగా ఒక్క టేక్‌లో ఓకే అయ్యాను. గడప ముందు ఆరు టేకులయ్యాయి, ఒక్కటీ ఓకే కాలేదు. ఇదంతా అరుగు మీద కూర్చునే రాస్తున్నాను.