ఆరు గంటల ఎర్రర్

సోమవారం

నేటి నుంచి తీర్మానం: ఆటలో వస్తున్న కనెక్షన్ ఎర్రర్‌ని ఎవరినీ అడగకుండా, ఎవరి మీదా అరవకుండా, ఆదివారంలోగా నేనే బాగుచేస్తాను. ఇరవై రెండేళ్లుగా లిఫ్టులు రిపేరు చేస్తున్నవాణ్ణి. పన్నెండో అంతస్తులో ఇరుక్కుపోయిన పెళ్లివాళ్లని దించినవాణ్ణి. ఒక రౌటర్ డబ్బాకీ నాలుగు లైట్లకీ భయపడతానా!

కేసు వివరాలు: అక్క కాలు విరిగి, వేరే ఊళ్లో తన ఇంట్లో మంచం మీద ఉంది. రోజూ సాయంత్రం ఐదున్నర నుంచి ఆరున్నర దాకా ఇద్దరం కలిసి ఆన్‌లైన్లో కోట ఆట ఆడతాం. తనది విల్లు, నాది డాలు. వారం రోజులుగా సరిగ్గా యుద్ధం మధ్యలో ‘సర్వర్‌తో కనెక్షన్ పోయింది’ అని వస్తోంది. డాలు మాయం. అక్క ఒక్కత్తే మిగులుతోంది. ఆదివారం జంటల పోటీ. ఇంకా ఆరు రోజులుంది, బోలెడంత టైం.

కంప్యూటర్‌ని అనుమానించే పనే లేదు. పోయిన వారమే మా అమ్మాయి కొత్త కంప్యూటర్ నేను తీసుకుని, నా పాతది దానికిచ్చాను. పాఠాలు చదవడానికి అంత వేగం దేనికి?

6.00: పోయింది. రౌటర్ ఆపి, పది లెక్కపెట్టి, మళ్ళీ పెట్టాను. రాలేదు. మళ్ళీ. మళ్ళీ.

7.30: వచ్చింది! పదకొండోసారికి. అంటే పదకొండుసార్లు ఆపాలన్నమాట. రాసుకున్నాను.

మంగళవారం

లిఫ్టు పనిలో మొదటి పాఠం: ఒకసారికి ఒక్కటే మార్చాలి, మార్చింది రాయాలి. రెండో పాఠం: రిపేరప్పుడు మెయిన్ స్విచ్చికి తాళం ఎవరు వేస్తే వాళ్లే తీయాలి, ఇంకొకరు ముట్టకూడదు. ఇంట్లో కూడా అదే రూలు పెట్టాను. బీరువా అయినా, సైకిల్ అయినా. ప్రాణాలకి సంబంధించిన విషయం.

ఇవాళ రౌటర్‌ని అల్మారా పైకెక్కించాను. 6.00కి పోయింది. 7.30కి వచ్చింది. ఎత్తుకి అలవాటు పడటానికి గంటన్నర పట్టినట్టుంది.

అమ్మాయి తొంగిచూసింది. “నాన్నా, సాయం చేయనా?”

“నువ్వెళ్లి చదువుకో.”

బుద్ధిగా వెళ్లి తలుపేసుకుంది. ఈ మధ్య దీనికి చదువు మీద శ్రద్ధ పెరిగింది. లోపల్నుంచి పకపకా నవ్వులు. సైన్సులో ఏదో సరదా పాఠం కాబోలు.

బుధవారం

గాల్లో వచ్చేదాన్ని నమ్మకూడదు. హాల్లోంచి గదిలోకి ఇరవై మీటర్ల కేబుల్ లాగాను. చూడముచ్చటగా వచ్చింది.

5.40: మా ఆవిడ తడిబట్టల బకెట్‌తో వస్తూ దానికి కాలు తట్టుకుని పడబోయింది. “ఇది ఇల్లా, లిఫ్టు గుంటా?” అని అరిచింది. నేను తిరిగి అరవలేదు. తీర్మానం అంటే తీర్మానమే.

6.00: పోయింది.

6.04: అక్క ఫోన్. “ఏరా, మళ్ళీ ఎగ్గొట్టావా? నలుగురు మీదపడ్డారు!”

“సర్వర్లో రద్దీ అక్కా. ఆరింటికి ఆఫీసులు వదులుతారు కదా.”

“మరి నాకు లేదే ఆ రద్దీ?”

“మీది చిన్న ఊరు.”

ఈ జవాబుతో తను తృప్తి పడలేదు. నేనూ పడలేదు.

గురువారం

ఒక్కొక్కటే మారుస్తూ కూర్చుంటే ఎప్పటికి తేలుతుంది? సెలవు పెట్టి అన్నీ ఒకేసారి మార్చేశాను. ఫైర్‌వాల్ ఆపాను. ఆట తీసేసి మళ్ళీ ఎక్కించాను. అర్థంకాని చోట్ల టిక్కులు తీశాను, అర్థమైన చోట్ల కూడా తీశాను. ఇంకా ఏమేం చేశానో రాయలేదు, చేతులు ఖాళీ లేవు.

రౌటర్ సెట్టింగుల్లోకి వెళ్దామంటే పాస్‌వర్డ్ గుర్తులేదు. రెండు నెలల క్రితం నేనే పెట్టాను, ఎవరూ కనిపెట్టలేనంత కష్టంగా. నిజమే, కనిపెట్టలేకపోతున్నాను.

6.00: పోయింది. దాంతోపాటు ప్రింటర్ కూడా.

శుక్రవారం

కస్టమర్ కేర్‌కి ఫోన్ చేశాను. ఇది ‘అడగడం’ కాదు, ఫిర్యాదు.

అవతలి ఆవిడ: “ఒకసారి ఆపి, మళ్ళీ ఆన్ చేసి చూశారా అండీ?”

ఇరవై రెండేళ్లుగా నేను జనానికి చెప్పే మాట. నాకే! అరిచాను. పక్కింటాయన వచ్చి ఎవరికైనా ఏమైనా అయిందా అని అడిగాడు. ‘అరవకూడదు’ అన్నది ఇంట్లోవాళ్ల గురించే అని ఇక్కడ స్పష్టం చేస్తున్నాను.

6.00: పోయింది. ఇంట్లోవాళ్ల మీద కూడా అరిచాను.

శనివారం

అక్క ఫోన్. ఈసారి తిట్టలేదు. దాంతో భయమేసింది.

“రోజంతా ఈ నాలుగు గోడలే చూస్తూ పడుంటానురా. ఆ గంట కోసం పొద్దున్నుంచీ ఎదురుచూస్తాను. ఆరయ్యేసరికి నువ్వుండవు. నా కాలికి కసరత్తులు చేయించే ఆయన రేపు ఆడతానన్నాడు. ఆయన పేరిచ్చేయనా?”

“వద్దక్కా. రేపు ఉంటాను.”

“నిజంగా?”

“నిజంగా.”

చిన్నప్పుడు నేను వీధిలో దెబ్బలు తినొస్తే, వెళ్లి వాళ్లని తన్నొచ్చింది అక్కే. ఇప్పుడు నా వల్ల రోజూ ఒంటరిగా దెబ్బలు తింటోంది. ఏడుపొచ్చింది. తీర్మానాన్ని అటకెక్కించి, వెళ్లి అమ్మాయి తలుపు కొట్టాను.

అది నా డైరీ తిరగేసింది. “రోజూ ఆరింటికే పోతోందా? ఏడున్నరకే వస్తోందా?”

“అవును.”

“ఆరు నుంచి ఏడున్నర దాకా ఏంటి నాన్నా?”

“నీ చదువు టైం. నీ కంప్యూటర్‌కి ఇంటర్నెట్ రాకుండా రౌటర్లో నేనే తాళం...”

ఆ కంప్యూటర్ ఇప్పుడు నా బల్ల మీదుంది.

“నీకు మొదట్నుంచీ తెలుసా?”

“తెలుసు. పాస్‌వర్డ్ కూడా తెలుసు. నీ పుట్టినతేదీ, వెనకనుంచి.”

“మరి తాళం తీసెయ్యచ్చు కదే!”

“వేసినవాళ్లే తీయాలన్నావుగా. నేను ముట్టలేదు.”

ఆదివారం

అమ్మాయితో ఒప్పందం ప్రకారం దాని కంప్యూటర్ దానికి, నా పాతది నాకు. తాళం మాత్రం నేనే తీశాను. అది వెనక నిలబడి అంకెలు చెప్పింది.

5.30: మొదలు.

5.58: రౌటర్ లైట్లు లెక్కపెట్టాను. నాలుగూ ఉన్నాయి.

6.00.

6.01.

“ఉన్నావురా?”

“ఉన్నానక్కా!”

“ఉన్నావురోయ్!”

6.20కి ఓడిపోయాం. పాత కంప్యూటర్ కదా, నేను డాలు ఎత్తేసరికి బాణం దిగిపోయి ఉంటోంది. పదహారు జంటల్లో మాది పదిహేనో స్థానం. అక్క మాత్రం ఈల వేసింది. “రేపు ఐదున్నరకి” అంది.

సోమవారం

కొత్త తీర్మానం: ఈ కంప్యూటర్ నత్తనడకని ఎవరినీ అడగకుండా, ఎవరి మీదా అరవకుండా, నేనే బాగుచేస్తాను. ఒకసారికి ఒక్కటే విప్పాలి, విప్పింది రాయాలి.

4.10: అన్నీ విప్పాను.

5.05: అన్నీ బిగించాను. నాలుగు స్క్రూలు మిగిలాయి. కంపెనీవాళ్లు ఎక్కువ పెట్టినట్టున్నారు.

5.20: అమ్మాయి తొంగిచూసింది. “నాన్నా, సాయం...”

“నువ్వెళ్లి చదువుకో.”

5.30: స్విచ్ నొక్కాను. వెలగలేదు. ఫోన్ మోగింది.

“ఉన్నావురా?”