అంతే ఉంచండి

చిరంజీవి తమ్ముడికి,

అక్క ఆశీస్సులు. ఇక్కడ నేనూ, నడిపిదీ, మన రెండు గదుల ఇల్లూ ముగ్గురం క్షేమమే. నీ చేతులు ఎలా ఉన్నాయో ముందు రాయి. తక్కిన సంగతులు ఆ తర్వాత రాద్దువుగాని.

నీ ఉత్తరం వచ్చి చాలా రోజులైంది. జవాబు ఆలస్యమైందని నొచ్చుకోకు. మధ్యలో ఫోనులో మాట్లాడుకున్నాం గదా అంటావేమో. ఫోనులో నీ గొంతు వినపడగానే "అంతా బాగుంది నాన్నా" అనే మాట దానంతట అదే వచ్చేస్తుంది. అది వచ్చాక ఇంకేం చెప్పడానికీ చోటుండదు. అందుకని కాగితం పట్టుకున్నాను.

నువ్వు అడిగినవాటికి ముందు చెబుతాను.

నడిపిదాని పన్ను పీకించాం. ఒక రోజంతా మాట్లాడవద్దన్నాడు డాక్టరు. సినిమా హాల్లో టిక్కెట్ల కిటికీ దగ్గర కూర్చునే మనిషి మాట్లాడకుండా ఎలా? 'ఉన్నాయి' అని ఒకటి, 'లేవు' అని ఒకటి రెండు అట్టముక్కలు రాసి పెట్టుకుని రోజంతా వాటినే ఎత్తి చూపించిందట. ఇంటికొచ్చాక కూడా అదే వరస. కూరలో ఉప్పు సరిపోయిందా అని అడిగితే 'లేవు' ఎత్తింది. ఆ ఒక్క రోజూ ఇల్లు ప్రశాంతంగా ఉంది. మర్నాటికి అంతా మామూలే.

వంటింటి కప్పుకి సిమెంటు పూయించాం. నీళ్ళు కారడం ఆగింది. మరక మాత్రం పోలేదు. పోదట.

ముందు గది వాకిలి కొలవమన్నావు. మా ఆస్పత్రి బట్టల గదిలో తెరలు కొలిచే టేపు తెచ్చి కొలిచాను. నువ్వు చెప్పిన షట్టరు పడుతుంది. వెల్డింగు అతను కూడా వచ్చి చూసి వెళ్ళాడు. "కుట్టుమిషన్లు బాగుచేసే షాపే గదమ్మా, రెండు మిషన్లు లోపల పెట్టుకుని ఒకటి వాకిట్లో పెట్టుకోవచ్చు, వెలుతురు బాగుంది" అన్నాడు. పని ఎప్పుడు మొదలుపెట్టాలని అడిగాడు. కబురు చేస్తానన్నాను.

ఇంకా చేయలేదు.

ఇక నీ అసలు ప్రశ్న. "వచ్చే ఏడాదితో ఇంటి అప్పు తీరిపోతుంది గదా అక్కా. ఆ ఒక్క ఏడాదికీ నేను దాచింది సరిపోతుంది. ఇక్కడ సూపర్‌వైజరు మళ్ళీ మూడేళ్ళకి సంతకం పెట్టమంటున్నాడు, నెలాఖరులోగా చెప్పాలి. పెట్టనని చెప్పేయనా?" అని రాశావు. దాని కిందే, ఇరికించిన చిన్న అక్షరాలతో, చొక్కా గుండీలు పెట్టుకోవడానికి పక్కమంచం పెద్దాయన సాయం చేస్తున్నాడని రాశావు. నువ్వు పనిచేసే మంచుగదిలోంచి బయటపడితే వేళ్ళకి స్పర్శ తిరిగి రావచ్చు, అందులోనే ఉంటే మాత్రం చెప్పలేనని అక్కడి డాక్టరు అన్న మాట కూడా రాశావు. ఆ వాక్యం దగ్గర ఉత్తరం మడిచి, మళ్ళీ తెరిచి, మళ్ళీ చదివాను. సూదిలో దారం ఎక్కించలేని మెకానిక్‌కి షట్టరు ఎంత వెడల్పుంటే ఏం లాభం అని నీకూ అనిపించే ఉంటుంది. నువ్వు రాయలేదు. నేను చదివాను.

పోయిన నెల నేను బ్యాంకుకి వెళ్ళాను. అప్పు తీరగానే ఇంటి కాగితాలు ఎలా తీసుకోవాలో ముందే కనుక్కుందామని. నిజం చెప్పాలంటే అంత తొందరేమీ లేదు, అప్పు తీరిపోతుందన్న మాట ఒకరి నోట వినాలని ముచ్చట. కాగితాలు పెట్టుకోవడానికి ఒక సంచీ కూడా కుట్టాను. ఆస్పత్రిలో పాత తెర ఒకటి పారేస్తుంటే మా హెడ్ నర్సుని అడిగి తీసుకున్నాను. రెండు పొరలు వేసి, మూతికి నాడా ఎక్కించి, తడి తగలకుండా లోపల రబ్బరు గుడ్డ వేశాను. దాన్ని చేతిలో పట్టుకునే వెళ్ళాను.

కౌంటరులో చిన్న పిల్ల. బాగా జలుబు చేసినట్టుంది, ముక్కు ఎర్రబడిపోయింది.

"కాగితాలకి ఇంకా టైముందండీ" అంది.

"తెలుసమ్మా. ఒక ఏడాది."

ఆ పిల్ల కంప్యూటరు వంక చూసింది, నా వంక చూసింది. "ఏడాది కాదండీ. ఐదున్నరేళ్ళు."

"వేరే ఎవరిదో చూస్తున్నావేమో, మళ్ళీ చూడమ్మా."

ఆమె కంప్యూటరు తెర నావైపు తిప్పింది. నీ పేరు, నా పేరు, మన ఇంటి నంబరు. వేరే ఎవరిదీ కాదు.

పాపం, ఓపికగానే చెప్పింది. మనం అప్పు తీసుకున్నప్పుడు ఉన్న వడ్డీ ఇప్పుడు లేదట. మూడేళ్ళకే పెరిగింది, తర్వాత ఇంకోసారి పెరిగింది. వడ్డీ పెరిగినప్పుడు నెల కిస్తీ అయినా పెంచాలి, కట్టే కాలమైనా పెంచాలి. మనది కాలం పెంచారు.

"మీకు ఫోన్ చేసి అడిగారు కదండీ. కిస్తీ పెంచమంటారా, అంతే ఉంచమంటారా అని. మీరు అంతే ఉంచమన్నారు. రెండుసార్లూ."

అన్నాను తమ్ముడూ. బాగా గుర్తుంది. కాలం పెరుగుతుందని కూడా వాళ్ళు చెప్పే ఉంటారు. నా చెవిని పడింది మాత్రం కిస్తీ పెరగదన్న మాట ఒక్కటే. చుట్టూ అన్నీ పెరిగాయి, పాలు పెరిగాయి, బస్సు పెరిగింది, మందులు పెరిగాయి. మన కిస్తీ ఒక్కటీ ఇన్నేళ్ళు కదలకుండా నిలబడింది. అది దేవుడి దయ అనుకున్నాను. ప్రతి ఉదయం వంటింట్లో పీట మీద కూర్చుని తలుచుకునేవాటిలో అదీ ఒకటి. మా కిస్తీ పెరగనివ్వలేదు, నీకు దణ్ణం అని. ఆయన విని ఏమనుకుని ఉంటాడో.

మనం తెచ్చింది పన్నెండు లక్షలు. ఈ పద్నాలుగేళ్ళలో కట్టింది పందొమ్మిది లక్షలు దాటింది. అసలు ఇంకా ఐదు లక్షల డెబ్బై వేలు అలాగే ఉంది. అంతా తీరేసరికి దగ్గర దగ్గర ఇరవై ఏడు లక్షలవుతుంది. మొదట్లో మనం కట్టే పదకొండున్నర వేలలో ఎనిమిది వేలు వడ్డీకే పోయేదట. వడ్డీ పెరిగాక తొమ్మిది వేల పైన పోయేదట. అంటే ఆ రోజుల్లో నువ్వు నెలంతా మంచుగదిలో పెట్టెలు మోసి పంపిస్తే, నేనూ నడిపిదీ దానికి మాది కలిపితే, ఇంట్లో రెండు వేల చిల్లర ముక్క మనదయ్యేది. అది ఎంత గోడో, ఎన్ని ఇటుకలో లెక్క వేయబుద్ధి కాలేదు.

నువ్వు దాచినదంతా ఒకేసారి కడితే ఎలా ఉంటుందని అడిగాను. అప్పటికీ నాలుగేళ్ళ దాకా పడుతుందంది. కిస్తీ పెంచి కడితే అన్నాను. నెలకి పదహారు వేలు కట్టినా మూడున్నరేళ్ళు దాటుతుందంది. పదహారు ఎక్కడినుంచి తెస్తాం? నీ ఎనిమిది, మా ఇద్దరిదీ మూడున్నర. నా ఉద్యోగం ఇంకో రెండేళ్ళే.

ఎవరూ మనల్ని మోసం చేయలేదు. అన్నీ మనం సంతకం పెట్టిన కాగితాల్లోనే ఉన్నాయి. కోపం తెచ్చుకుందామన్నా ఎదురుగా మనిషి కనిపించలేదు. ఉన్న ఒక్క పిల్లకీ జలుబు. ఆవిరి పట్టమ్మా అని చెప్పి వచ్చేశాను.

ఇంటికి వచ్చి నడిపిదానికి చెప్పాను. అది సంచీ చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పి చూసింది.

"గట్టిగా కుట్టావే అక్కా. కాగితాలు వచ్చేదాకా ఉల్లిపాయలు పోసుకుందాం" అంది.

"నీకు నవ్వులాటగా ఉందా?"

"ఏడిస్తే వడ్డీ తగ్గిస్తారా? తగ్గిస్తామంటే చెప్పు, రేపు సెలవు పెట్టి వెళ్ళి అక్కడే కూర్చుంటా."

అమ్మేద్దామన్న ఆలోచన కూడా చేశాం, నీకు తెలియకుండా చేసినందుకు ఏమీ అనుకోకు. ఒక బ్రోకరుని పిలిపించాం. గోడలు వేలితో కొట్టి చూశాడు, వంటింటి మరక కింద చాలాసేపు నిలబడ్డాడు. అతను చెప్పిన ధరలో బ్యాంకు బాకీ పోగా, అతని కమీషను పోగా మిగిలేది, మనం మొదట చేతినుంచి పెట్టుకున్నదానికి కాస్త ఎక్కువ. ఈ వీధిలో ఇప్పుడు రెండు గదులకి అద్దె మన కిస్తీకి ఏమంత తక్కువ లేదు. అతను వెళ్ళాక నడిపిది, "అమ్మేసి మళ్ళీ ఇదే ఇంట్లో అద్దెకి దిగుదామా? సామాను మోసే ఖర్చయినా కలిసొస్తుంది" అంది. ఆ మాటకి ఇద్దరం నవ్వాం. నవ్వుతూనే అది వెళ్ళి ముందు గదిలో దీపం ఆర్పేసి వచ్చింది. ఆ గదిని చూస్తూ కూర్చోవడం దానికీ కష్టంగానే ఉంది.

ఇదంతా జరిగి నెల దాటింది. నెలంతా నీతో ఫోనులో "అంతా బాగుంది" అన్నాను.

ఇంకో మాట ఉంది. పద్నాలుగేళ్ళుగా ప్రతి ఉదయం నేను అడిగేది ఒకటే, నా తమ్ముణ్ణి ఇంటికి పంపించు అని. బ్యాంకుకి వెళ్ళి వచ్చిన మర్నాడు పీట మీద కూర్చుంటే ఆ మాట నోటికి రాలేదు. వాడి చేతులు కాపాడు అన్నాను. ఆ రోజంతా దుప్పట్లు మడతపెడుతూ ఆలోచించాను, ఇదెందుకు మారిందని. చేతులు బాగుంటే నువ్వు అక్కడే ఉండగలవు. నేను అడిగింది అది. నీ కోసం అడిగినట్టే ఉంది, కిస్తీ కోసం అడిగాను. తెలిశాక మళ్ళీ పాత మాట అడుగుదామని చూశాను. నువ్వు వచ్చేస్తే నెల మొదట్లో కిస్తీ ఏమవుతుందన్న భయం ముందుకొచ్చి కూర్చుంటోంది. రెండూ కలిపి అడగడానికి నాకు ధైర్యం చాలడం లేదు. ఈ మధ్య ఏమీ అడగకుండా కాసేపు కూర్చుని లేస్తున్నాను.

అసలు చెప్పాల్సింది ఇంకా మిగిలి ఉంది. ఇంతసేపూ దాని చుట్టూనే తిరుగుతున్నాను.

నిన్న మధ్యాహ్నం బట్టల గదిలో ఉండగా బ్యాంకు నుంచి ఫోను వచ్చింది. ఆ పిల్లే. జలుబు తగ్గింది, గొంతు తేటగా ఉంది. వడ్డీ మళ్ళీ కొంచెం పెరిగిందట.

"కిస్తీ పెంచమంటారా అమ్మా, అంతే ఉంచమంటారా?" అని అడిగింది. ఈసారి తనే ఆగి, "అంతే ఉంచితే కాలం ఇంకా పెరుగుతుందమ్మా, మీకు తెలుసు కదా" అంది.

తెలుసు. చేతిలో సగం మడిచిన దుప్పటి ఉంది. దాని రెండో కొస పట్టుకుని మా ఆయా నాకోసం చూస్తోంది. ఆ పిల్ల అటు లైనులో నాకోసం ఆగింది. పెంచమనడానికి నా దగ్గర ఏముంది?

"అంతే ఉంచండమ్మా" అన్నాను.

మొదటి రెండుసార్లూ తెలియక అన్నాను. ఈసారి అంతా తెలిసి అన్నాను. ఫోను పెట్టి దుప్పటి రెండో మడత వేశాక గాని నాకు అర్థం కాలేదు, ఆ ఒక్క మాటతో నీ సూపర్‌వైజరుకి జవాబు కూడా నేనే చెప్పేశానని. నువ్వు నన్ను అడిగావు, నేను బ్యాంకుకి చెప్పాను.

నువ్వు సంతకం పెట్టకుండా వచ్చేయి, ఇక్కడ మేం ఏదో ఒకటి చూసుకుంటాం అని రాయాలి. పెద్దదాన్ని కాబట్టి రాయాలి. ఏం చూసుకుంటామో నాకు తెలియదు, అందుకని రాయలేకపోతున్నాను. సంతకం పెట్టు అని కూడా ఈ చేత్తో రాయను. ఈ ఉత్తరం నీకు అందేసరికి నెలాఖరుకి ఇంకా కొన్ని రోజులుంటాయి. నీ మనసుకి ఏది తోస్తే అది చెయ్యి. అది ఏదైనా అక్క నిన్ను ఒక్క మాట అనదు.

మా గదిలో మెత్తటి ఊలు గుడ్డ కొంచెం మిగిలింది, అడిగి తెచ్చుకున్నాను. నీ గ్లవుజుల లోపల వేసుకునేలా తొడుగులు కుడతాను. ఒకవేళ నువ్వు వచ్చేస్తుంటే దారిలో పనికొస్తాయి. కొలత కావాలి. ఒక కాగితం మీద చెయ్యి పెట్టి, వేళ్ళు కాస్త ఎడం చేసి, చుట్టూ పెన్సిలుతో గీసి పంపు. పెన్సిలు నిలవకపోతే ఆ పెద్దాయన్ని గీయమను.

రెండు చేతులూ పంపు.

ఇట్లు,
నీ జవాబు కోసం వాకిలి వైపే చూస్తుండే
పెద్దక్క