బుడంకాయ పదో పాయింటు

చిరంజీవి బుడంకాయకి,

అత్త దీవించి రాస్తున్న ఉత్తరం. ఇక్కడ నేనూ మీ మామయ్యా క్షేమం. నువ్వు క్షేమమని పేపర్లో చదివాం.

ఫోను చేయొచ్చుగా అంటావు. ఫోన్లో నేను రెండో మాట మొదలుపెట్టేసరికి నువ్వు "సరే అత్తా, ఉంటాను" అంటావు. ఉత్తరమైతే చివరిదాకా చదవక తప్పదు.

ఇవాళ పొద్దున మీ మామయ్య ఆటల పేజీ పైకి చదువుతూ చదువుతూ ఆగిపోయారు. "ఏమైంది, కానివ్వండి" అన్నాను. గొంతు సవరించుకుని చదివారు. నీటి సరఫరా ఆఫీసు బాస్కెట్‌బాల్ జట్టు పాయింట్ గార్డు, అంటే నువ్వు, ఇరవై ఏళ్లు ఆడి ఈ సీజనుతో రిటైరవుతోందట. మిగిలినవి మూడు మ్యాచులట. ఇంకో తొమ్మిది పాయింట్లు వేస్తే లీగులో అందరికన్నా ఎక్కువ పాయింట్లు వేసినావిడతో సమానమవుతుందట. పదోది వేస్తే దాటేస్తుందట. పాతికేళ్లుగా ఆ రికార్డు "ఫిరంగి" అని పేరుపడ్డ ఒకావిడ మీద ఉందట. ఆ ఒకావిడ నేనేనని నీకు వేరే చెప్పక్కర్లేదు.

నాకు చాలా సంతోషంగా ఉంది. మనస్ఫూర్తిగా అభినందనలు. నువ్వు అన్నివిధాలా అర్హురాలివి. నీ పట్టుదలా వినయమూ అందరికీ ఆదర్శం.

పాయింట్ గార్డు అంటే ఏమిటని మీ మామయ్య ఇప్పటికీ అడుగుతారు. అందరికీ వడ్డించి తను ఆఖర్న తినే మనిషి అని చెప్పాను. అలా ఆఖర్న తింటూ తింటూనే నా కంచం దాకా వచ్చావు. భేష్.

ప్రేమతో,
మీ అత్త

తా.క. ఇది రాస్తున్నంతసేపూ నేను నవ్వుతూనే ఉన్నాను. అది చూసి మీ మామయ్య చెప్పులేసుకుని బయటికి వెళ్లారు. ఇంకా రాలేదు.

*

పూజ్యురాలైన అత్తకి,

నమస్కారాలు. నీ ఉత్తరం అందింది. అది అందేదాకా ఇక్కడ అందరం క్షేమంగానే ఉన్నాం.

ఆ పేపరు రాతలు పట్టించుకోకు అత్తా. అవి నేను కావాలని వేసిన పాయింట్లు కావు. ఇన్నేళ్లలో ఎప్పుడైనా బంతి అందించడానికి ఎవరూ ఖాళీగా దొరక్కపోతే, చేతిలో పెట్టుకుని ఏం చేసుకోను అని బాస్కెట్ వైపు విసిరాను. అలా రాలినవన్నీ ఎవరో పనిలేనివాళ్లు కుప్పపోశారు. నేను లెక్కపెట్టుకునేది అసిస్టులే. ఎవరైనా బాస్కెట్ వేస్తే, వాళ్లకి బంతి అందించిన మనిషికి దక్కేది అదే కదా.

ఆఫీసులో మాత్రం నేను చేసేదేముంది? కుళాయి కారుతోందనీ గొట్టం పగిలిందనీ జనం వచ్చి చెబుతారు, నేను తగిన ఇంజనీరుకి అందిస్తాను. ఉద్యోగంలో చేరిన దగ్గర్నించీ ఒక్క గొట్టం కూడా నా చేత్తో బిగించిన పాపాన పోలేదు. సాయంత్రం బంతి విషయంలోనూ అంతే.

నువ్వు నిశ్చింతగా ఉండు. ఈ మూడు మ్యాచుల్లో ఏం చేయాలో నాకు తెలుసు.

నీ విధేయురాలైన మేనకోడలు,
బుడంకాయ

తా.క. మామయ్య ఇంటికొచ్చారా? రాకపోతే మా ముందుగదిలో మంచం ఖాళీగానే ఉందని చెప్పు.

*

బుడంకాయా,

దీవెనలు తర్వాత. సున్నా ఏమిటి ముందు చెప్పు!

"ఏం చేయాలో నాకు తెలుసు" అని నువ్వు రాస్తే, పిల్లకి ఇన్నాళ్లకి రోషం పుట్టిందని మురిసిపోయాను. తీరా చూస్తే మ్యాచంతా ఆడి ఒక్కసారి కూడా బాస్కెట్ వైపు విసరలేదట. ఎదురుగా అడ్డం ఎవరూ లేనప్పుడు కూడా వెనక్కి తిరిగి ఎవరికో ఇచ్చావట. గెలిచారు, సరే. పేపరువాడు దాన్ని త్యాగం అన్నాడు. వాడికేం తెలుసు? అది మోకాలు. మన వంశంలో నలభై దాటితే ముందు పోయేవి మోకాళ్లే. మీ నాన్న కుర్చీలోంచి లేస్తే పాత తలుపు తీసినట్టు ఉంటుంది.

నొప్పి పైకి చెప్పుకునే రకం కాదు నువ్వు. అందుకని నేనే మీ కోచ్‌కి ఒక ఉత్తరం రాశాను. వచ్చే మ్యాచుకి నిన్ను కదలకుండా కూర్చోబెట్టి, ఆఖరి మ్యాచుకి సిద్ధం చేయమన్నాను. మోకాళ్ల మందు కూడా డబ్బాలో పెట్టి పంపుతున్నాను. పూటకి రెండుసార్లు రాయించుకో.

మీ అత్త

తా.క. డబ్బా మూత ఎర్రదైతే మందు. నీలందైతే మామయ్య సైకిలు గొలుసుకి పెట్టే గ్రీజు. రెండూ ఒకే అలమరలో ఉంటాయి, హడావిడిలో ఏది కట్టానో గుర్తు లేదు. రాసుకుంటే నీకే తెలుస్తుంది.

*

అత్తకి,

నమస్కారాలు. నీ ఉత్తరం చదివి మా కోచ్ కళ్లు తుడుచుకున్నారు. అందులో ఏం రాశావో నీకే తెలియాలి. నా రెండు మోకాళ్లకీ ఆయనే కట్లు కట్టి బెంచీ మీద కూర్చోబెట్టారు. నాకేమీ లేదు మొర్రో అని లేచి గెంతి చూపించాను. "దాస్తుందని మీ అత్తగారు ముందే రాశారమ్మా" అన్నారు. నేను చూస్తుండగా మ్యాచు ఓడిపోయాం. దాంతో ఓడరేవు జట్టు మాతో సమానంగా వచ్చి కూర్చుంది. ఆఖరి మ్యాచు వాళ్లతోనే. అది గెలిచినవాళ్లకే కప్పు. ఇరవై ఏళ్లలో నేను కప్పు పట్టుకున్నది లేదు, ఇది పోతే ఇక పట్టుకునేదీ లేదు.

నా మోకాళ్లు రాళ్లలా ఉన్నాయి అత్తా. అసలు సంగతి వేరు. నాకు ఊహ తెలిశాక నువ్వు నన్ను మెచ్చుకున్నది రెండుసార్లు. చిన్నప్పుడు నీ గోడ గడియారం బంతితో పగలగొడితే "చాలా చక్కగా చేశావమ్మా" అన్నావు, నెల రోజులు నాతో మాట్లాడలేదు. రెండోది మొన్నటి అభినందనల ఉత్తరం. నువ్వు తిడితే ప్రేమ, పొగిడితే ప్రమాదం అని మన ఇంట్లో పాకే పిల్లకి కూడా తెలుసు. "అర్హురాలివి" దగ్గర నాకు చెమటలు పట్టాయి. "ఆదర్శం" దగ్గర కూర్చుండిపోయాను.

స్టేడియం గుమ్మం మీద బోర్డులో నీ పేరు చూసుకునే ఇన్నేళ్లూ లోపలికి నడిచాను. దాన్ని చెరిపించి నా పేరు రాయించుకుంటే ఆ గుమ్మంలోంచి ఏ మొహంతో బయటికి రాను? అందుకే నిర్ణయించుకున్నాను. ఆఖరి మ్యాచులో కూడా బంతి అందరికీ ఇస్తాను, బాస్కెట్‌కి తప్ప. కప్పు మాకు, బోర్డు నీకు.

నీ మేనకోడలు,
బుడంకాయ

తా.క. మూత నీలందే. కోచ్ దట్టంగా పట్టించాక చూశాం. ఆ పూట బెంచీ మీంచి మూడుసార్లు జారిపడ్డాను.

*

ఒసేయ్ బుద్ధిలేనిదానా,

ఇదిగో, తిడుతున్నాను. ఇప్పుడు స్థిమితపడ్డావా?

మెచ్చుకోవడం నాకు చేతకాదే. మీ మామయ్య ఒక్కో మాటా చెబుతుంటే రాశాను. "వినయం" ఆయనది, "ఆదర్శం" ఆయనదే. రాయించిన పెద్దమనిషే నా నవ్వు చూసి పారిపోయారు. నా మాటల్లో చెబుతాను విను.

పాతికేళ్లుగా ఆ బోర్డు మీద ఒక్కదాన్నే నిలబడి ఉన్నాను. కొన్నాళ్లు గర్వంగానే ఉండేది. తర్వాత తల పైకెత్తి చూసేవాళ్లే కరువయ్యారు. ఇప్పుడు నువ్వు దగ్గరికొచ్చావు కాబట్టి పేపరువాడికి నేను గుర్తొచ్చాను. నిన్న కూరగాయలావిడ "ఫిరంగి అంటే మీరేనా?" అని అడిగింది, తెలుసా? నువ్వు నన్ను దాటితేనే నేనెంత ఎత్తున ఉన్నానో నలుగురికీ తెలిసేది. జాలిపడి పక్కకి తప్పుకుంటే అది నా రికార్డు కాదు, నువ్వు నా జోలెలో వేసిన ముష్టి. నా చేత ముష్టి తినిపిస్తావా?

నాకు బంతి దొరికితే పక్కన కన్నతల్లి చేయి చాచినా ఇచ్చేదాన్ని కాదు. అలా ఎనిమిదేళ్లలో ఆ పాయింట్లన్నీ దోచుకున్నాను. నువ్వు ఎదుటి జట్టుకి తప్ప అడిగినవాళ్లందరికీ ఇచ్చావు. ఇచ్చి ఇచ్చి, అడుగున మిగిలిన గింజలు ఏరుకుని ఏరుకుని నా దాకా వచ్చావు. ఇంత గొప్ప ఆట నా జన్మలో చూడలేదు. ఈ మాట మామయ్యది కాదు. నాదే.

నువ్వు నా మాట వినవని తెలుసు. అందుకే మీ జట్టులో ఒక్కొక్కరికీ విడివిడిగా ఉత్తరాలు రాశాను. పాయింట్లు వేయాల్సింది నువ్వేననీ, నువ్వు బంతి ఇస్తే తిరిగి నీకే ఇచ్చేయమనీ చెప్పాను. ఎవరికిస్తావో చూస్తాను.

తిట్లతో,
మీ అత్త

తా.క. కవర్ల మీద చిరునామాలు మామయ్య రాశారు. ఒకటి ఓడరేవు జట్టు కోచ్‌కి పోయిందేమోనని ఇప్పుడు గొణుగుతున్నారు. ఏం కాదులే.

*

అత్తకి,

నమస్కారాలు. నీ వల్ల పరువు పోయింది, కప్పు వచ్చింది. వరసగా చెబుతాను.

మ్యాచు మొదలవగానే బంతి నిచ్చెనకి ఇచ్చాను. నిచ్చెన అంటే మా జట్టులో అందరికన్నా పొడుగు పిల్ల, బాస్కెట్ కింద నిలబడేది. తిరిగి నాకే ఇచ్చింది. ఎడమ పక్క ఇస్తే తిరిగొచ్చింది. కుడి పక్క ఇస్తే తిరిగొచ్చింది. ఇరవై నాలుగు సెకన్లలో బాస్కెట్‌కి విసరకపోతే బంతి ఎదుటివాళ్లకి పోతుంది కదా, అలా వరసగా పోతూనే ఉంది. జనం ఈలలు, కేకలు. "ఏంటమ్మా ఈ ఆట?" అని కోచ్ అరిస్తే, "అత్తగారి ఆర్డరు సార్" అంది నిచ్చెన. ఆ మాట వినగానే ఆయన వెళ్లి కూర్చున్నారు.

బాగా వెనకబడ్డాం. అప్పుడు ఒళ్లు మండి వేశాను అత్తా. పడింది. మళ్లీ వేశాను. మళ్లీ పడింది. వల కదిలిన చప్పుడు నాకోసమే అయినట్టు అనిపించింది. ఇంత బాగుంటుందని నాకెవరూ చెప్పలేదే! సగం ఆటకి ఏడు పాయింట్లు వేశాను, మా జట్టూ కోలుకుంది.

విరామంలో ఓడరేవు కోచ్ జేబులోంచి ఒక ఉత్తరం తీసి వాళ్ల పిల్లలకి చదివి వినిపించాడు. కవరు మీద మామయ్య దస్తూరీ నేను ఇవతలి నుంచే గుర్తుపట్టాను. ఇక చూడు, ఐదుగురూ వచ్చి నా చుట్టూ కంచె కట్టారు. బంతి నాకు తిరిగివ్వడానికి సందు లేక మావాళ్లే వేయడం మొదలుపెట్టారు. నేను పక్కకి నడిస్తే కంచె కూడా నాతో పాటు నడిచింది. అయినా వాళ్లు తక్కువవాళ్లు కాదు, ఆఖరి క్షణాలకి మళ్లీ మేము రెండు పాయింట్లు వెనక.

బంతి నా చేతికొచ్చింది. నేను మూడు పాయింట్ల గీతకి బయట ఉన్నాను, చుట్టూ ఐదుగురు. వాళ్ల భుజాల సందులోంచి నిచ్చెన కనిపించింది, బాస్కెట్ కింద ఒంటరిగా, చేతులు పైకెత్తి. ఎత్తుగా అందించాను. మళ్లీ రాస్తున్నాను, అందించాను. ఆ మహాతల్లి సరిగ్గా పట్టుకోవాల్సినప్పుడు చేతులు దించేసింది. బంతి ఎక్కడా తగలకుండా వలలో పడింది. గంట మోగింది. గీత బయటి నుంచి వచ్చింది కనక మూడు. ఒక్క పాయింటుతో కప్పు మాది!

నేను స్కోరు రాసే బల్ల దగ్గరికి పరుగెత్తి "అది పాసండీ, నాకు రాయకండి" అని మొత్తుకున్నాను. లీగు కార్యదర్శి కళ్లజోడు సవరించుకుని "ఎవరి చేతిలోంచి వచ్చి పడితే వాళ్లదేనమ్మా, రూలు" అన్నారు. ఏడూ మూడూ పది. జనమంతా లేచి నిలబడ్డారు, కంచె కట్టిన ఐదుగురితో సహా. మావాళ్లు నన్ను భుజాల మీదికెత్తారు. సిగ్గు విడిచి ఏడ్చాను అత్తా. నీ పేరు మాత్రం చెరపనివ్వలేదు. బోర్డు మీద పైన నాది, కింద నీది. ఇక నువ్వు ఒక్కదానివీ నిలబడక్కర్లేదు.

అంతమందిలో నువ్వు లేవే అని ఒక్కటే వెలితి.

నీ మేనకోడలు,
బుడంకాయ

తా.క. చేతులెందుకు దించావే అని నిచ్చెనని ఎంత అడిగినా నవ్వుతుందే తప్ప చెప్పదు. ఒట్టు వేసిందట. ఎవరికి వేసిందో కూడా చెప్పదు.

*

రికార్డు రాణి బుడంకాయకి,

అత్త గుండె నిండా దీవించి రాస్తున్నది. నేను లేనని నీకెవరు చెప్పారే? బాస్కెట్ వెనకాల, మూడో వరసలో, మామయ్య కోటూ టోపీ వేసుకుని కూర్చున్న పెద్దమనిషిని నేనే. కనిపిస్తే మళ్లీ మర్యాదలు మొదలుపెడతావని అలా వచ్చాను. కోటు నాకిచ్చి, ఆయన మ్యాచంతా వణుకుతూ చప్పట్లు కొట్టారు.

ఆ ఆఖరి బంతి నీ చేతిలోంచి బయటపడగానే నాకు తెలిసిపోయింది. ఎనిమిదేళ్లు నా కళ్లు వేరే దారి చూడలేదు కదా. అది తిన్నగా వలలోకే పోతోంది, మధ్యలో నిచ్చెన చేతులు అడ్డం. పట్టుకుని వేస్తే రెండు, సమానం. వదిలేస్తే మూడు, కప్పు. "చేతులు దించవే!" అని అరిచాను. పాపం ఆ పిల్ల హడలిపోయి దించింది. తర్వాత గుమ్మం దగ్గర పట్టుకుని ఒట్టు వేయించుకున్నాను, ఈ ముక్క నేనే నీకు చెప్పాలని.

ఇప్పుడు న్యాయం నువ్వే చెప్పు. నువ్వు నిచ్చెనకి ఇచ్చావు. నిచ్చెన దగ్గర్నించి నేను తీసుకుని నీకిచ్చాను. అంటే ఆ మూడు పాయింట్లకీ అసిస్టు ఎవరిది? నా పేరున ఒకటి రాయమని లీగు కార్యదర్శికి ఉత్తరం పడేశాను. నా ఎనిమిదేళ్ల ఆటలో ఆ గడి ఖాళీగా ఉండిపోయింది.

మీ అత్త,
మాజీ ఫిరంగి

తా.క. ఈ ఉత్తరం పోస్టులో వేయకముందే, ప్రేక్షకులకి అసిస్టు ఇచ్చే రూలు లేదని కార్యదర్శి జవాబు రాశాడు. పోనీలే. కానీ ఒక్కటి అడుగుతాను. ఆ రోజు అరిచి కూర్చున్నాక నాకు ఎలా ఉందంటే, నేను వేసిన బాస్కెట్లన్నీ కలిపినా అంత సుఖం లేదు. ఇవ్వడంలో ఇంత రుచి ఉందని ఇరవై ఏళ్లు ఎవరికీ చెప్పకుండా ఒక్కదానివే తిన్నావటే, దొంగా?